అసలు ఎంత, వడ్డీ ఎంత: హోమ్ లోన్ వెనకాల 90 ఏళ్ల కథ

ఇవాళ ఎపిసోడ్ హోమ్ లోన్ చరిత్ర గురించి. ముందు ఒక చిన్న లెక్క చేద్దాం, ఫోన్ చేతిలోనే ఉంది కాబట్టి కాలిక్యులేటర్ తీయండి.

40 లక్షల లోన్. 8.5 శాతం వడ్డీ. 20 ఏళ్లు. ఈఎంఐ 34,713 రూపాయలు వస్తుంది. ఏ యాప్‌లో చూసినా పెద్ద అక్షరాల్లో కనిపించే నంబర్ ఇదే. మనం కూడా దాన్నే చూస్తాం, "జీతంలో ఇంత పోతే మిగతాది సరిపోతుందా" అని ఆలోచిస్తాం. ఇప్పుడు ఆ నంబర్‌ని 240 నెలలతో గుణించండి. 83 లక్షల 31 వేలు. తీసుకున్నది 40, కట్టేది 83. రెట్టింపు దాటింది.

ఇంకో లెక్క. ఒక్క నెల కూడా తప్పకుండా పదేళ్లు కట్టారనుకుందాం. కట్టింది 41 లక్షల 65 వేలు, అంటే తీసుకున్న అప్పు కంటే ఎక్కువే. మరి ఇంకా ఎంత బాకీ ఉంటుంది? సుమారు 28 లక్షలు. పదేళ్లలో అసలు తగ్గింది 12 లక్షలే.

ఇందులో మోసం ఏమీ లేదు. మొదటి నెల ఈఎంఐలో 28,333 వడ్డీకి పోతుంది, 6,380 మాత్రమే అసలుకి జమ అవుతుంది. అసలు నెమ్మదిగా తగ్గుతుంది కాబట్టి వడ్డీ కూడా నెమ్మదిగానే తగ్గుతుంది. నేను సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసేవాణ్ణి కదా, నాలుగు లైన్ల కోడ్ రాస్తే ఈ లెక్క మొత్తం స్క్రీన్ మీద పడుతుంది. కోడ్ చెప్పనిది వేరే ఉంది. అప్పు తీర్చడానికి ఈ పద్ధతే ఎందుకు వచ్చింది? ఎప్పుడూ ఇలాగే ఉండేదా? మన తెలుగు నేల మీదే దీనికి పూర్తిగా వేరే జవాబు ఇచ్చిన చట్టం ఒకటి ఉండేది.

రెట్టింపు కడితే చెల్లు

1929లో ప్రపంచం మొత్తం మాంద్యంలో పడింది. అమెరికా స్టాక్ మార్కెట్ కథ అందరికీ తెలుసు, మన కృష్ణా, గోదావరి జిల్లాల కథ తక్కువమందికి తెలుసు. అప్పుడు కోస్తా, రాయలసీమ మద్రాసు ప్రెసిడెన్సీలో ఉండేవి. పంటల ధరలు నాలుగైదేళ్లలో సగానికి దగ్గరగా పడిపోయాయి. కానీ అప్పు పత్రం మీద రాసిన అంకె మాత్రం తగ్గలేదు.

ఉదాహరణకి ఒక రైతు 300 రూపాయలు అప్పు తీసుకున్నాడు అనుకుందాం. అప్పుడు బస్తా ధర 6 రూపాయలైతే అది 50 బస్తాల అప్పు. ధర 3 రూపాయలకి పడిపోతే అదే అప్పు తీర్చడానికి 100 బస్తాలు అమ్మాలి. పైన వడ్డీ పెరుగుతూనే ఉంటుంది. రైతు కొత్తగా రూపాయి కూడా తీసుకోలేదు, అప్పు బరువు మాత్రం రెట్టింపు అయ్యింది.

1937లో మద్రాసులో రాజాజీ నాయకత్వంలో కాంగ్రెస్ మంత్రివర్గం వచ్చింది. ఇచ్ఛాపురం నుంచి మద్రాసు దాకా రైతులు కాలినడకన యాత్ర చేసిన రోజులవి. 1938లో ఆ ప్రభుత్వం మద్రాసు వ్యవసాయదారుల రుణ విమోచన చట్టం తెచ్చింది. అందులో ఒక రూల్ చూడండి. 1932 అక్టోబర్ 1కి ముందు చేసిన అప్పులకి, 1937 అక్టోబర్ 1 నాటికి పేరుకుపోయిన వడ్డీ మొత్తం రద్దు. అసలు కడితే చాలు. దాని పక్కనే ఇంకోటి ఉంది. అసలు పేరుతో కట్టినా, వడ్డీ పేరుతో కట్టినా, అప్పటిదాకా కట్టినదంతా కలిపి తీసుకున్న దానికి రెట్టింపు అయితే, అసలుతో సహా అప్పు తీరిపోయినట్టే.

అంటే ఆ చట్టం ఈ నెల కిస్తీ ఎంత అని అడగలేదు. "మొత్తం ఎంత ఇచ్చావు?" అని అడిగింది. 1932 తర్వాత చేసిన అప్పులకి 5 శాతం బారువడ్డీ లెక్క కట్టమంది. చట్టం వచ్చాక చేసే కొత్త అప్పులకి ఏడాదికి ఆరుంపావు శాతం బారువడ్డీ దాటకూడదంది.

రెట్టింపు అనే గీత రాజాజీ కొత్తగా గీసింది కాదు. మన పాత ధర్మశాస్త్రాల్లో ఒక నియమం ఉంది: ఒకేసారి వసూలు చేసే వడ్డీ అసలుని మించకూడదు. దీనికి దామ్‌దుపట్ అని పేరు. బొంబాయి ప్రెసిడెన్సీ కోర్టులు దీన్ని పాటించేవి, మద్రాసు ప్రెసిడెన్సీలో ఇది నడవలేదు. పైగా అందులో ఒక సందు ఉంది. పేరుకుపోయిన వడ్డీకే ఆ హద్దు. ఏడాదికేడాది వడ్డీ కట్టేస్తూ ఉంటే ఎన్నేళ్లు కట్టినా హద్దు తగలదు. 1938 చట్టం ఆ సందు కూడా మూసేసింది. చేతి నుంచి పోయిన ప్రతి రూపాయినీ లెక్కలోకి తీసుకుంది.

ఒక మాట స్పష్టంగా చెప్పాలి. ఇది రైతుల అప్పుల కోసం, ఒక సంక్షోభ సమయంలో చేసిన చట్టం. పట్నంలో ఇల్లు కొనేవాళ్ల కోసం కాదు. హైదరాబాద్ అప్పుడు నిజాం రాజ్యం, ఇక్కడ అది వర్తించలేదు కూడా. "83 లక్షలు కట్టనక్కర్లేదు, చట్టం ఉంది" అని ఎవరూ బ్యాంకుకి వెళ్లకండి. నేను చెప్పేది ఆ చట్టం వెనక ఉన్న కొలత గురించి.

అదే మాంద్యం, అమెరికాలో వేరే జవాబు

సరిగ్గా అదే మాంద్యంలో అమెరికాలో ఏం జరిగిందో చూద్దాం, ఎందుకంటే ఇవాళ మనం కట్టే ఈఎంఐ ఆకారం అక్కడి నుంచే వచ్చింది.

1930లకు ముందు అక్కడ ఇంటి లోన్లు చాలావరకు మూడేళ్లు, ఐదేళ్లు మాత్రమే ఉండేవి. నెలనెలా లేదా ఆరు నెలలకోసారి వడ్డీ కట్టడం, గడువు ముగిశాక అసలు మొత్తం ఒకేసారి ఇవ్వడం. అంత డబ్బు ఎవరి దగ్గర ఉంటుంది? మళ్లీ కొత్త లోన్ తీసుకుని పాతది తీర్చేవాళ్లు. మాంద్యంలో బ్యాంకులే మునిగిపోతుంటే కొత్త లోన్ ఇచ్చేవాళ్లు లేరు. లక్షల కుటుంబాల ఇళ్లు జప్తు దాకా వచ్చాయి.

1933లో అక్కడి ప్రభుత్వం ఇంటి యజమానుల కోసం ఒక రుణ సంస్థ పెట్టింది. పాత లోన్లు తను తీసుకుని, వాటి బదులు ఎక్కువ కాలంలో సమాన వాయిదాల్లో అసలు, వడ్డీ కలిపి తీర్చే లోన్లు ఇచ్చింది. 1934లో ఫెడరల్ హౌసింగ్ అడ్మినిస్ట్రేషన్ వచ్చి ఆ పద్ధతికే గ్యారంటీ ఇవ్వడం మొదలుపెట్టింది. తర్వాత ప్రపంచంలో చాలా చోట్ల ఇంటి లోన్ అంటే ఇదే అయిపోయింది.

రెండు జవాబులు పక్కపక్కన పెట్టండి. ఒకే కష్టం. మద్రాసు "మొత్తానికి హద్దు పెడదాం" అంది. అమెరికా "కాలాన్ని సాగదీసి, నెల కిస్తీని తేలిక చేద్దాం" అంది. రెండోది నిజంగా చాలామందికి ఇల్లు ఇచ్చింది, అది కాదనలేం. దానికి మూల్యం కాలం రూపంలో కడతాం.

మన దేశానికి ఇది ఆలస్యంగా వచ్చింది. 1970లో హడ్కో పెట్టారు. 1977లో హెచ్.టి. పారేఖ్ హెచ్‌డీఎఫ్‌సీ మొదలుపెట్టారు. మామూలు ఉద్యోగికి నెలవారీ కిస్తీల మీద ఇంటి లోన్ ఇవ్వడమే పనిగా పెట్టుకున్న ప్రైవేట్ సంస్థ అది. 1988లో నేషనల్ హౌసింగ్ బ్యాంక్ వచ్చింది. 1990లలో వడ్డీ 15 శాతం దాకా కూడా ఉండేది, 2000 తర్వాత తగ్గుతూ వచ్చింది. వడ్డీ తగ్గేకొద్దీ లోన్ సైజు పెరిగింది.

కంచన్‌బాగ్‌లో ఉన్న మూడో జవాబు

ఇప్పుడు మన ఏరియాకి వద్దాం. నేను ఉండేది కంచన్‌బాగ్ వైపు. ఇటు సంతోష్‌నగర్, అటు చాంద్రాయణగుట్ట, మధ్యలో పెద్ద పెద్ద కాంపౌండ్ గోడలు. డీఆర్‌డీఎల్ 1962లో ఢిల్లీ నుంచి హైదరాబాద్ వచ్చింది. తర్వాత డీఎంఆర్‌ఎల్ వచ్చింది. 1970లో బీడీఎల్, 1973లో మిధాని. మిసైళ్లు, ప్రత్యేక లోహాలు తయారయ్యే చోటు. ఈ గోడల చుట్టూ పెరిగిన కాలనీల్లో చాలా ఇళ్లు ఈ ఉద్యోగుల జీతాలతో లేచినవే.

ఆ గోడల అవతల గల్లీల్లో ఇంకో రకం ఇళ్లు ఉంటాయి. ఇస్లాంలో వడ్డీ నిషిద్ధం కాబట్టి ఓల్డ్ సిటీలో చాలా కుటుంబాలు హోమ్ లోన్ జోలికే వెళ్లవు. గల్ఫ్ నుంచి వచ్చిన డబ్బు, చుట్టాల దగ్గర చేబదులు, కాస్త బంగారం. ఈ ఏడాది ఒక గది, నాలుగేళ్లకి ఇంకో గది. పైన ఇనుప చువ్వలు అలాగే వదిలేస్తారు, తర్వాతి అంతస్తు కోసం. వాళ్లకి వడ్డీ ఖర్చు లేదు. బదులుగా పదిహేనేళ్లు ఇరుకులో ఉంటారు. అదీ ఒక ధరే.

ల్యాబ్ ఉద్యోగులది ఇంకో దారి. కేంద్ర ప్రభుత్వ ఉద్యోగులకి హౌస్ బిల్డింగ్ అడ్వాన్స్ అనే స్కీమ్ 1956 నుంచి ఉంది. హెచ్‌బీఏ అంటారు. ల్యాబ్‌లో పనిచేసి రిటైర్ అయిన అంకుల్‌ని ఎవరినైనా అడగండి, "మాకు ముందు అసలు, తర్వాత వడ్డీ బాబూ" అంటారు. మొదటిసారి విన్నప్పుడు నాకు అర్థం కాలేదు. తర్వాత రూల్స్ చదివాను.

2017 రూల్స్ ప్రకారం గరిష్ఠంగా 25 లక్షలు ఇస్తారు. మొదటి 15 ఏళ్లు, అంటే 180 నెలలు, కట్టేది మొత్తం అసలుకే పోతుంది. వడ్డీ పక్కన లెక్క రాసుకుంటూ ఉంటారు. అసలు మొత్తం తీరాక ఆ వడ్డీని ఐదేళ్లలో, 60 నెలల్లో వసూలు చేస్తారు. పక్కన రాసుకున్న వడ్డీ మీద మళ్లీ వడ్డీ పడదు. బారువడ్డీ.

తేడా ఎంత? 2017 నవంబర్‌లో కేంద్ర ప్రభుత్వమే ఈ పోలిక విడుదల చేసింది. బ్యాంకులో 25 లక్షలు, 8.35 శాతం, 20 ఏళ్లు. ఈఎంఐ 21,459. మొత్తం కట్టేది 51 లక్షల 50 వేలు. హెచ్‌బీఏలో అదే 25 లక్షలు, అదే 20 ఏళ్లు, వడ్డీ 8.5 శాతం, అంటే బ్యాంకు కంటే కొంచెం ఎక్కువే. మొదటి 15 ఏళ్లు నెలకి 13,890. తర్వాత ఐదేళ్లు నెలకి 26,411. మొత్తం 40 లక్షల 84 వేలు. వడ్డీ శాతం ఎక్కువ ఉండి కూడా దాదాపు 11 లక్షలు తక్కువ.

ఇక్కడ ఒక్క నిమిషం ఆగుదాం. శాతం చూసి లోన్ ఎంచుకునేవాడు ఇక్కడ తప్పుదారి పడతాడు. బ్యాంకు లోన్‌లో మీరు కట్టింది ముందు వడ్డీకి, మిగిలింది అసలుకి. హెచ్‌బీఏలో మొదటి రూపాయి నుంచే అసలు కరుగుతుంది. అసలు త్వరగా తగ్గితే దాని మీద పడే వడ్డీ కూడా త్వరగా తగ్గుతుంది. రూపాయి ఏ ఖాతాలోకి ముందు వెళ్తుంది అనే వరుసతోనే లక్షల తేడా వచ్చింది. బ్యాంకులో కట్టింది తీసుకున్న దానికి రెండింతలు దాటింది, హెచ్‌బీఏలో ఒకటిన్నర రెట్లు దాటి కొంచెం.

ఈ స్కీమ్‌కి పరిమితులున్నాయి. సర్కారు ఉద్యోగం ఉండాలి. 25 లక్షలకి ఇవాళ హైదరాబాద్‌లో మంచి ఫ్లాట్ రావడం కష్టం. చివరి ఐదేళ్లలో కిస్తీ దాదాపు రెట్టింపు అవుతుంది. పైగా ఆ తేడాని ఒక రకంగా ప్రభుత్వమే భరిస్తోంది. బ్యాంకు డిపాజిటర్లకి వడ్డీ ఇవ్వాలి కాబట్టి అది ఇలా ఇవ్వలేదు. కానీ ఇందులోని సూత్రం ఒకటి మనం వాడుకోవచ్చు, చివర్లో చెప్తాను.

"కానీ బ్రో, ద్రవ్యోల్బణం?"

ఇది న్యాయమైన ప్రశ్న. 20 ఏళ్ల తర్వాత కట్టే 34,713 రూపాయలకి ఇవాళ్టి విలువ ఉండదు. జీతం పెరుగుతుంది, ఈఎంఐ అలాగే ఉంటుంది, మెల్లగా తేలికవుతుంది. అద్దె మిగులుతుంది. ఇంటి ధర కూడా పెరగొచ్చు. ఇవన్నీ నిజాలే. 83 లక్షలు అనే నంబర్ ఒక్కటే చూసి "ఇల్లు కొనడం దండగ" అనడం కూడా తప్పు లెక్కే.

అయితే ఈ వాదన మొత్తం ఒక్క నమ్మకం మీద నిలబడి ఉంది: నా ఆదాయం పెరుగుతూనే ఉంటుంది. 1920లలో అప్పు చేసిన గోదావరి రైతుకి కూడా అదే నమ్మకం ఉంది. ధరలు బాగున్నాయి, పొలం కొన్నాడు, పత్రం రాశాడు. తర్వాత ధర సగమైంది. సాఫ్ట్‌వేర్‌లో ఉన్నవాళ్లకి నేను విడిగా చెప్పక్కర్లేదు, ఒక శుక్రవారం సాయంత్రం వచ్చే మీటింగ్ ఇన్వైట్ ఎలా ఉంటుందో మీకు తెలుసు. లోన్ అంటే మీ రాబోయే 240 నెలల మీద మీరు కాసే పందెం.

వడ్డీ కూడా మన చేతిలో ఉండదు, ఎందుకంటే ఇప్పుడు ఎక్కువ లోన్లు ఫ్లోటింగ్. 2022 మే దాకా రెపో రేటు 4 శాతం. 2023 ఫిబ్రవరికి 6.5. ఒకరు 2021లో 7 శాతానికి 40 లక్షలు, 20 ఏళ్లకి తీసుకున్నారు అనుకుందాం. ఈఎంఐ 31,012. ఏడాది కట్టాక బాకీ సుమారు 39 లక్షల 5 వేలు. వడ్డీ 9.5 శాతానికి వెళ్తే ఆ బాకీ మీద నెల వడ్డీయే 30,900 పైన. ఈఎంఐ మార్చకపోతే అసలుకి పోయేది నెలకి సుమారు 100 రూపాయలు. వంద!

ఇలాంటి సందర్భాల్లో ఈఎంఐ అలాగే ఉంచి, కాలాన్ని పొడిగించేస్తుంటారు. ప్రతి నెలా ఎస్ఎంఎస్‌లో అదే అంకె వస్తుంది కాబట్టి మనకి తెలియదు. అందుకే 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంక్ ఒక ఆదేశం ఇచ్చింది. వడ్డీ మారినప్పుడు దాని ప్రభావం కస్టమర్‌కి చెప్పాలి. ఈఎంఐ పెంచుకోవడమా, కాలం పెంచుకోవడమా, రెండూ కొంచెం కొంచెమా అనే అవకాశం ఇవ్వాలి. నెల వడ్డీని మించని ఈఎంఐతో అసలు పెరిగిపోయే పరిస్థితి రానివ్వకూడదు.

మరి మనం ఏం చేయాలి

మొదటిది, కాలం ఎంచుకునేటప్పుడు మొత్తం చూడండి. అదే 40 లక్షలు, 8.5 శాతం. 15 ఏళ్లకి ఈఎంఐ 39,390, మొత్తం దాదాపు 71 లక్షలు. 20 ఏళ్లకి 83. 30 ఏళ్లకి ఈఎంఐ 30,757, మొత్తం కోటీ 10 లక్షలు దాటుతుంది. 20 నుంచి 30కి వెళ్తే నెలకి 4 వేలు కూడా మిగలదు, మొత్తంలో 27 లక్షలు ఎక్కువ పోతుంది. 28 ఏళ్ల వయసులో 30 ఏళ్ల లోన్ తీసుకుంటే 58 దాకా కడతారు.

రెండోది, 2024 అక్టోబర్ 1 నుంచి కొత్త లోన్ ఇచ్చేటప్పుడు కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అనే కాగితం ఇవ్వాలి. ఫీజులన్నీ కలిపిన అసలైన వార్షిక శాతం, నెలనెలా ఎంత అసలు, ఎంత వడ్డీ అనే పట్టిక అందులో ఉంటాయి. సంతకానికి ముందు 120వ నెల దగ్గర బాకీ ఎంతో చూడండి.

మూడోది, కంచన్‌బాగ్ సూత్రం. అసలుని ముందు కొట్టండి. ఫ్లోటింగ్ హోమ్ లోన్ ముందే తీర్చేస్తే బ్యాంకులు పెనాల్టీ వేయకూడదని రిజర్వ్ బ్యాంక్ 2012లోనే చెప్పింది. మన 40 లక్షల లోన్‌లో ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా కడితే 20 ఏళ్ల లోన్ మూడేళ్లకు పైగా ముందే అయిపోతుంది. మొదటి ఐదేళ్లలో కట్టిన అదనపు రూపాయికి బలం ఎక్కువ. కట్టేటప్పుడు "ఈఎంఐ తగ్గించొద్దు, కాలం తగ్గించండి" అని రాసి ఇవ్వండి.

నాలుగోది, ఆరు నెలల ఈఎంఐ చేతిలో పెట్టుకోకుండా పందెం కాయకండి. 1930ల రైతుని కాపాడటానికి ఒక చట్టం వచ్చింది, అదీ చాలా ఏళ్లు ఆలస్యంగా. మనకి అలాంటిది వస్తుందని లెక్కలో వేసుకోలేం.

రెట్టింపు దాటితే అప్పు చెల్లు అనే రోజులు పోయాయి. ఆ గీత మాత్రం మన మనసులో ఉంచుకోవచ్చు. ఏ లోన్ పేపర్ ముందుకొచ్చినా ఈఎంఐని నెలలతో గుణించండి, తీసుకున్న దానితో భాగించండి. రెండు కంటే ఎక్కువ వస్తే, పెన్ను కింద పెట్టి ఒక రాత్రి ఆలోచించండి. ఇంట్లో వాళ్లకి కూడా ఆ అంకె చూపించండి, ఎందుకంటే అది కట్టేది మీరొక్కరే కాదు.

మీ లోన్‌కి ఆ భాగహారం ఎంత వచ్చిందో చేసి చూసుకోండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటాను.